మీరు అన్న మాట

వాన ఆగడం లేదు. ఆగితే బాగుండునని ఒక మనసు, ఆగకపోతేనే మేలని ఇంకో మనసు. రెండూ ఒక్క మనిషిలోనే ఉంటే ఆ మనిషి కాలుకాలిన పిల్లిలా తిరగక ఏం చేస్తాడు? ఆల్విన్ ప్రీబె అలాగే తిరుగుతున్నాడు, మేకప్ గది గుమ్మం నుంచి సెట్టు దాకా, సెట్టు నుంచి పెద్ద తలుపుల దాకా, అక్కడ సందులోంచి బయటి బురద రోడ్డు చూసి మళ్లీ వెనక్కి. గ్యోటింగెన్ ఊరి చివర ఈ షెడ్డు ఒకప్పుడు యుద్ధవిమానాలది. విమానాలు పోయాయి, వాటిని నడిపిన పిల్లలూ పోయారు, కప్పొక్కటే మిగిలింది, ఆ కప్పు కిందే పదేళ్లుగా సినిమాలు తీస్తున్నారు. రేకుల కప్పు. నాలుగు చినుకులు పడితే చాలు, నెత్తిమీద ఎవరో బస్తాడు శనగలు గుమ్మరించినట్టు మోత. శబ్దం పట్టే క్వాస్ట్ చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుని కాసేపు కళ్లు మూసుకుంటాడు, తర్వాత బొటనవేలు కిందికి చూపిస్తాడు. అంతే, మళ్లీ లైట్లు ఆరిపోతాయి, జనంలో నిలబడే వేషాలకొచ్చిన విశ్వవిద్యాలయం విద్యార్థులు మళ్లీ పేకముక్కలు తీస్తారు. పది గంటల ఇరవై నిమిషాలు. హానోఫర్ నుంచి బండి పదకొండింటికి. స్టేషన్‌కి కారు వెళ్లిపోయింది. పదకొండుంపావుకల్లా హెన్నీ లిండావర్ ఈ తలుపులోంచి లోపలికి వస్తుంది, ఇరవై రెండేళ్ల తర్వాత వస్తుంది, నలభై మంది చూస్తుండగా తన ఎదురుగా నిలబడి ఏదో ఒకటి అంటుంది. తనను నువ్వు అంటుందా, మీరు అంటుందా? పొద్దుట్నుంచీ ఆల్విన్‌ని ఒకచోట కూర్చోనివ్వనిది ఈ ఒక్క సంగతే.

"కదలకండి ప్రీబె గారూ, మీ మీసం చెంపమీదికి పోతోంది," అంటుంది నోల్టె అమ్మగారు, మేకప్ ఆవిడ. ఎప్పుడు కూర్చున్నాడో తనకే తెలియదు, మళ్లీ కుర్చీలో ఉన్నాడు, మెడకింద తెల్ల గుడ్డ, ముందు అద్దం. "ఇవాళ మీకు ఏం పురుగు కుట్టింది? ఆరు డైలాగులు. అవతల ఆవిడకి ఎనిమిది. మీరు నిద్రలో కూడా చెప్పేస్తారు." చెప్పేస్తాడు, నిజమే. అద్దంలో ఆ మొహం చూశాడు. గుండ్రటి మొహం, పలచటి జుట్టు, కళ్లకింద సంచులు, ఎవరినైనా వరసలో నిలబడమని చెప్పడానికే పుట్టిన పెదాలు. నీ మొహంలోనే ఒక ఆఫీసుందయ్యా అన్నాడు ఎవరో దర్శకుడు, పొగిడాడో తిట్టాడో ఇప్పటికీ తేలలేదు. అరవై ఒక్క సినిమాలు. పోస్ట్‌మాస్టరు, స్టేషన్‌మాస్టరు, ఊరి పోలీసు, హోటల్ గుమ్మంలో తాళాలిచ్చే మనిషి, జిల్లా వైద్యుడు, పెళ్లి రిజిస్ట్రారు. ఈ మధ్య అన్నీ అడవి సినిమాలే, పచ్చికబయళ్లు, జింకలు, రంగులు, అడవి గార్డు కొడుకు మిల్లు యజమాని కూతుర్ని ప్రేమిస్తాడు, చివర్న తనొచ్చి కాగితం మీద ముద్ర కొడతాడు, అందరూ ఏడుస్తారు. ఈ దేశంలో ప్రతివాళ్లకూ తన మొహం తెలుసు, ఒక్కరికీ పేరు తెలియదు. మొన్న ట్రామ్‌లో ఒకావిడ చెయ్యి పట్టుకుని వదల్లేదు, మీరు మా ఊల్సెన్ పోస్టాఫీసులో ఉండేవారు కదూ, మా అత్తగారి పార్సిలు పోతే మీరే కదూ వెతికిపెట్టింది అంటుంది. అవునమ్మా అన్నాడు. ఏమంటాడు మరి? ఎంత సంతోషపడిందో పాపం. ట్రామ్. ఎక్కడ మొదలుపెట్టినా అక్కడికే వచ్చి ఆగుతుందేమిటీ బుర్ర.

రంగస్థలం మీద కాలుపెట్టినవాళ్లు ఒకరినొకరు నువ్వు అనే పిలుచుకుంటారు. అరవై ఏళ్ల ముసలి రాజుగారైనా సరే, నిన్న చేరిన చెలికత్తె అయినా సరే. బయటి లోకంలో అలా కాదు, బయట ముప్పై ఏళ్లు పక్కపక్క ఇళ్లలో ఉన్నా మీరు మీరే, ఎవరైనా నువ్వు అనాలంటే ముందు గ్లాసులు తాకించి, చేతులు కలిపి, పెద్దవాడు చిన్నవాడికి అనుమతి ఇవ్వాలి. అదొక పెళ్లంత తతంగం. కానీ ఒకసారి నువ్వు అన్నాక మళ్లీ మీరులోకి వెళ్లడం అన్నది లేదు. తిట్టొచ్చు, కొట్టొచ్చు, కోర్టుకి లాగొచ్చు, నువ్వు అంటూనే లాగొచ్చు. మీరు అన్నావా, ఆ మనిషి నీకు చచ్చిపోయినట్టే. బ్రెస్లావ్ నాటకశాలలో చేరిన రోజున, తనకు ముప్పై నాలుగు, హెన్నీకి ముప్పై. అట్టపెట్టె మీద కూర్చుని బఠాణీ సూపు తాగుతూ తలెత్తి, "కొత్తవాడివా? ఆ మేకు మీద కోటు తగిలించకు, అది ఊడిపోతుంది, నీ అదృష్టం కూడా ఊడిపోతుంది," అంది. మొదటి మాటే అది. రెండు సీజన్లు, తను బట్లరు, హెన్నీ వంటమనిషి, ఇద్దరూ కలిసి యజమానిని బురిడీ కొట్టించే వేషాలు, ఊరు ఊరంతా పడీపడీ నవ్వేది. ప్రేమా అంటే కాదేమో. కాదు. అయినా ఆ రోజుల్లో నాటకం అయిపోయాక ఇంటికి పోతూ పోతూ ఆమె చెప్పిన జోకు గుర్తొచ్చి వీధిలో ఒంటరిగా నవ్వినవాడు, ఆ తర్వాత ఎప్పుడైనా అలా నవ్వాడా? నవ్వలేదు. ఇప్పుడా ఊరే లేదు, ఉందిగానీ యుద్ధం తర్వాత వేరే దేశంలోకి పోయింది, దాని పేరు వేరు, అక్కడి జనం వేరు, ఆ నాటకశాల మెట్లమీద ఇప్పుడు ఎవరు కూర్చుంటున్నారో.

ముప్పై మూడులో నోటీసుబోర్డు మీద కాగితం పెట్టారు, ఆరుగురి పేర్లు, ఆరుగురూ యూదులు, రేపటినుంచి రానక్కర్లేదని. అప్పుడు తను భయపడ్డాడా? లేదు, అది చెప్పుకోవాలి, ఎవరికి చెప్పుకోవాలోగానీ చెప్పుకోవాలి, ఆ సాయంత్రం హెన్నీ సామాన్ల పెట్టె భుజాన పెట్టుకుని మోసింది తనే, నాలుగు వీధులు మోశాడు, దార్లో ఆగి ఇద్దరూ వేడివేడి సాసేజి కొనుక్కుని సగం సగం తిన్నారు. ఏడాది తిరిగింది. ఆ ఏడాది ఆమె ఇంటికి ఎన్నిసార్లు వెళ్లాడు? ఒకసారి. రెండోసారి గుమ్మం దాకా. తర్వాత ఒక ఏప్రిల్ మధ్యాహ్నం ట్రామ్ వెనకభాగంలో నిలబడి ఉన్నాడు, పక్కన నాటకశాలకు కొత్తగా వచ్చిన మేనేజరు. మేనేజరు పేరు గుర్తులేదు, కోటు మడతకున్న పార్టీ బిళ్ల గుర్తుంది, చుట్ట కంపు గుర్తుంది. వచ్చే సీజనులో మేయరు వేషం నీకే ఇద్దామనుకుంటున్నాను అంటున్నాడు, పెద్ద వేషం, నాటకమంతా ఉండే వేషం. సరిగ్గా అప్పుడే హెన్నీ ఎక్కింది. చేతిలో బట్టసంచి. "ఆల్విన్! బతికే ఉన్నావా? ఏమైపోయావు నువ్వు?" గొంతు ట్రామంతా వినిపించింది, దాని గొంతే అంత, చివరి వరసదాకా వినపడాలని తయారు చేసుకున్న గొంతు. మేనేజరు తలతిప్పి చూశాడు. అప్పుడు తన చెయ్యి టోపీ మీదికి వెళ్లింది, టోపీ రెండంగుళాలు లేచింది, నోరు తెరుచుకుంది. "నమస్కారం మేడమ్. మీరు కులాసాయేనా?"

అంతే. తిట్టలేదు, తోసెయ్యలేదు, ఎవరికీ పట్టివ్వలేదు. మర్యాదగానే మాట్లాడాడు. మర్యాదగా. హెన్నీ రెండు క్షణాలు చూసింది. "కులాసాయేనండీ. మీరు?" అంది, తర్వాతి స్టాపులో దిగిపోయింది, దాని ఇల్లు ఇంకా నాలుగు స్టాపుల అవతల. ఎవరామె అన్నాడు మేనేజరు. ఎప్పటిదో పరిచయమండీ అన్నాడు తను. మేయరు వేషం వచ్చింది. ఆ వేషంలో చూసి బెర్లిన్ సినిమావాళ్లు పిలిచారు, అక్కణ్ణించి పోస్ట్‌మాస్టరు, స్టేషన్‌మాస్టరు, అరవై ఒక్క సినిమాలు. ఆ ఒక్క మాట అనకపోతే ఇవాళ ఈ కుర్చీలో ఈ మీసం కింద ఎవరుండేవారో? ఆలోచిస్తే తలకొట్టేసినట్టు ఉంటుంది, అందుకే ఆలోచించడు, అందుకే ఇన్నేళ్లూ ఒక వేషం అవ్వకముందే ఇంకో వేషానికి సరేనన్నాడు.

యుద్ధంలో ఏం వేశాడు? అవే. ఆ పార్టీ గద్దబొమ్మ కుట్టిన కోట్లతో వేశాడు. నలభై ఆరులో ఇక్కడికొచ్చినప్పుడు బట్టలవాళ్లు తెచ్చిచ్చిన కోటు చూస్తే జబ్బమీద గద్ద ఊడదీసిన దారప్పోగులు ఇంకా వేలాడుతున్నాయి, కాలరు లోపల సిరాతో తన పేరే ఉంది. కోటు మనదే సార్, మీరు ఏం చింత పడకండి అని నవ్వాడు ఆ దర్జీ. అదే కొలత. అయితే వేషం వెయ్యాలంటే ముందు, గెలిచి ఇక్కడ పెత్తనం చేస్తున్న ఇంగ్లీషువాళ్లు నువ్వు ఆ పార్టీవాడివి కావని ఇచ్చే కాగితం కావాలి. నూట ముప్పై ఒక్క ప్రశ్నలు. ఏ సంఘంలో ఉన్నావు, ఎంత చందా ఇచ్చావు, ఎవరి మీద ఫిర్యాదు చేశావు, ఎవరి ఆస్తి కొన్నావు. అన్నిటికీ లేదు, లేదు, లేదు. తడుముకోకుండా రాశాడు, నిజమే కాబట్టి. ట్రామ్‌లో ఎవరినైనా మీరు అన్నావా అని ఒక్క ప్రశ్న లేదు ఆ కాగితాల్లో. కానీ చివర ఖాళీ జాగా ఉంది, నీ పక్షాన చెప్పుకునేదేమైనా ఉంటే రాయమన్నారు, దాని కింద సాక్షుల పేర్లు. అప్పుడు రాశాడు. "నా యూదు సహనటి హెన్నీ లిండావర్‌తో చివరిదాకా స్నేహంగా మెలిగాను." ఎందుకు రాశాడు? చచ్చిపోయి ఉంటుందనుకున్నాడు. అదీ అసలు సంగతి, ఇప్పుడు ఈ రేకులకింద ఒంటరిగా ఒప్పుకుంటున్నాడు, చచ్చిపోయి ఉంటుందనుకునే రాశాడు, చచ్చినవాళ్లు కాదనరు కదా అని రాశాడు. ఆరు నెలలకు ముద్ర పడిన కాగితం వచ్చింది. చీ, ఏం బతుకు. ఆ తర్వాత ఎనిమిదేళ్లకు ఎవరో చెప్పారు, హెన్నీ లిండావర్ సముద్రాలవతల మాంటెవీడియోలో ఉందిట, అక్కడి జర్మన్లకి నాటకాలాడుతోందిట అని. సంతోషమో భయమో తెలుసుకోవడానికి కూడా ధైర్యం లేకపోయింది.

"ఆకాశానికి బుద్ధి లేదు!" లూడెర్స్ అరుస్తున్నాడు. దర్శకుడు, ముప్పై ఆరేళ్లవాడు, రష్యాలో రెండు కాలివేళ్లు మంచుకు పోగొట్టుకుని వచ్చాడు, అందుకే కుంటుతూ పరిగెత్తుతాడు. "క్వాస్ట్, ఏమంటున్నాయి నీ చెవులు?" క్వాస్ట్ బొటనవేలు కిందికి. లూడెర్స్ వచ్చి ఆల్విన్ పక్కన గోడకి ఆనుకున్నాడు. "ఏం ఆల్విన్, గోడలు కొలుస్తున్నావా? కూర్చోరాదూ. నిన్ను చూస్తుంటే నాకు కళ్లు తిరుగుతున్నాయి." కాళ్లు చల్లగా ఉన్నాయి, తిరుగుతున్నానన్నాడు ఆల్విన్. "ఔనుగానీ ఆ లిండావర్ నిన్ను ఎరుగునటగా? ఆవిడ ఇక్కడికి ఊరికే చుట్టాల్ని వెతుక్కోవడానికి వచ్చిందిట. సినిమా అంటే చెయ్యనందిట. తర్వాత గుమాస్తా వేషం ఎవరిదని అడిగి, నీ పేరు చెప్పేసరికి, ప్రీబెనా, అయితే ఒక్కరోజు వస్తాను అందిట. అదృష్టవంతుడివయ్యా. పాత కథేదో ఉన్నట్టుందే?" కన్నుకొట్టి కుంటుకుంటూ వెళ్లిపోయాడు. ఆల్విన్ మళ్లీ తలుపులవైపు నడిచాడు. తన పేరు చెప్పేసరికి వస్తానందిట. ఎందుకు? చేతులు పట్టుకోవడానికా? నలభై మంది ముందు నిలబెట్టి కడిగెయ్యడానికా? ఇంగ్లీషువాళ్లకి ఏం రాశావురా నువ్వు అని అడగడానికా? అడిగితే ఏం చెబుతాడు? పోనీ గొంతు నొప్పి అంటే? జ్వరం అంటే? ఇక్కడికొచ్చిన పదేళ్లలో ఒక్క పూట మానలేదు, నమ్మరు. నోల్టె అమ్మగారు నుదురు పట్టుకుని చూస్తుంది, చన్నీళ్లలా ఉంది ప్రీబె గారూ అంటుంది.

అసలు ముందు ఎవరు నోరు విప్పాలి? తనే విప్పాలి, ఆడమనిషి, దూరం నుంచి వచ్చింది. ఏమనాలి? నువ్వు అనాలంటే ఏ మొహం పెట్టుకుని అంటాడు? మీరు అంటే మళ్లీ అదే చెంపదెబ్బ, అదే చెంప మీద. పెద్ద తలుపుల దగ్గర నిలబడి, పెదాలు కదుపుతూ, నువ్వూ మీరూ రెండూ లేని వాక్యాలు వెతుక్కున్నాడు. ప్రయాణం బాగా జరిగిందా? ఇది పరవాలేదు, ఇందులో మనిషి లేడు. ఎన్నాళ్లకెన్నాళ్లకి! ఇదీ పరవాలేదు. చలిగా ఉందా? కాఫీ తెప్పించమంటారా, అబ్బే, తెప్పించనా. తెప్పించనా మంచిది. ఇలా ఏరుకుంటూపోతే మధ్యాహ్నం దాకా లాగొచ్చు. కానీ మధ్యాహ్నం దాకా లాగినా సీనులో ఏం చేస్తాడు? సీనులో ఉన్నదే అది. నలభై ఆరు, ఊరంతా రాళ్లకుప్పలు, నగర కార్యాలయంలో గుమాస్తా. క్యాంపునుంచి తిరిగొచ్చిన మనిషి, మార్తా ఫోగెల్, బల్లకి అటువైపు నిలబడి తాను ఉన్నట్టు కాగితం అడుగుతుంది. గుమాస్తా తలెత్తకుండా, మీ పేరు? అంటాడు. పేజీలు తిరగేసి, మీరు ఈ రిజిస్టరులో లేరు అంటాడు. ఎదురుగానే ఉన్నాను కదండీ అంటుంది ఆమె. ఎవడు రాశాడో, ప్రతి డైలాగులోనూ మీరు, మీరు, మీరు. ఏరి కూర్చి తనకోసమే రాసినట్టు రాశాడు వెధవ.

బురదలో టైర్ల చప్పుడు. ఒక కారు. అయిపోయింది. కాళ్లు వెనక్కి పోదామంటున్నాయి, పోనివ్వలేదు. తలుపు తెరుచుకుంది, ఆకుపచ్చ వానకోటు, పొట్టిగా కత్తిరించిన తెల్లజుట్టు, చిన్నగా అయిపోయింది, ఇంత చిన్న మనిషా, తన బుర్రలో ఇరవై రెండేళ్లు ఉండి ఉండి పెద్దదైందేమో. గొడుగు దులుపుతూ, "దర్శకుడెవరు? నువ్వా? ఇంత చిన్నవాడివి, అప్పుడే ఎందుకు బాబూ కుంటుతున్నావు?" అంది లూడెర్స్‌ని. ఆ యాస! ఇప్పుడు లేని ఆ ఊరి యాస, సాగదీసి సాగదీసి. సామాన్లు చూసేవాణ్ణి నువ్వు అంది. క్వాస్ట్‌ని, "ఆ చెవులకి డిప్పలు తీసెయ్, నేను ఎలాగూ గట్టిగానే మాట్లాడతాను," అంది. నోల్టె అమ్మగారి చేతులు పట్టుకుని ఊపింది. ఒక్కొక్కళ్లనూ దాటుకుంటూ వస్తోంది, ఇంకా నలుగురు, ఇంకా ఇద్దరు.

"ప్రయాణం బాగా జరిగిందా?" అన్నాడు ఆల్విన్.

హెన్నీ తల ఒక పక్కకి వంచి చూసింది. పైనుంచి కిందికి చూసింది. "ప్రయాణం సంగతి సరే. నీకు ఈ పొట్ట ఎక్కడిది ఆల్విన్?"

నీకు అంది. ఆల్విన్ అంది. చుట్టూ అందరూ గొల్లున నవ్వారు, ఆల్విన్ కూడా నవ్వాడు, నవ్వుతుంటే కళ్లలో నీళ్లు తిరిగాయి, మీసం ఊడిపోతుందని నోల్టె అమ్మగారు కసురుకుంది. ఒంట్లోంచి పెద్ద బరువేదో దిగిపోయినట్టయింది. మరిచిపోయింది. పాపిష్టి సంగతి తనొక్కడికే గుర్తుంది, ఇన్నేళ్లూ ఊరికే చచ్చాడు, ఒక మాట, ట్రామ్‌లో ఒక మాట, ఎవరు గుర్తుపెట్టుకుంటారు అలాంటివి? బల్లకి అటూ ఇటూ కూర్చోబెట్టారు ఇద్దరినీ, కాఫీ వచ్చింది. హెన్నీ కప్పుని రెండు చేతుల్తో పట్టుకుని చేతులు కాచుకుంది. పక్కనే విద్యార్థులు పేకాటలో పడ్డారు. పైన వాన. ఆ సంతోషంలో, ఇంత మంచి మనిషి ముందు ఇంకా ఒకటి దాచుకుని కూర్చోవడం భరించలేక, ఆల్విన్ నోరు జారాడు.

"హెన్నీ, యుద్ధం అయ్యాక ఇంగ్లీషువాళ్ల కాగితంలో నేను నీ పేరు..."

"రాశావు," అంది. "తెలుసు. వాళ్లు వెతికి పట్టుకుని నాకు మాంటెవీడియోకి ఉత్తరం రాశారు. ఫలానా ఆల్విన్ ప్రీబె చివరిదాకా మీతో స్నేహంగా ఉన్నానంటున్నాడు, నిజమేనా అని."

ఆల్విన్ కాఫీ కప్పు కింద పెట్టాడు. "ఏం రాశావు?"

"నిజమేనని రాశాను."

"ఎందుకు?"

"ఆ ఏడు నాకు వచ్చిన ఉత్తరం అదొక్కటే ఆల్విన్. మా అమ్మకి రాసినవి, అన్నయ్యకి రాసినవి, అన్నీ తిరిగొచ్చేశాయి, ఆ చిరునామాలో మనుషులు లేరని. అప్పుడు ఇదొచ్చింది. ఎవడో ఒకడు నా పేరు కాగితం మీద రాశాడు కదా అనుకున్నాను. అబద్ధమే రాశాడనుకో. రాశాడు కదా." కాఫీ ఒక గుక్క తాగి, "మీ జర్మన్లకి కాఫీ కాచడం ఇంకా రాలేదు," అంది.

అబద్ధం అంది. అంటే గుర్తుంది. అన్నీ గుర్తున్నాయి. గుర్తుండే నిజమేనని రాసింది, గుర్తుండే నువ్వు అంది, పొట్ట చూసి నవ్వింది. ఏదో అనాలి, క్షమించు అనాలి, ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది, కానీ అప్పటికే ఏదో తేడాగా ఉంది, ఏమిటో ఒక్క క్షణం తెలియలేదు, అందరూ తలలెత్తి కప్పుకేసి చూస్తున్నారు. వాన ఆగింది. క్వాస్ట్ బొటనవేలు పైకి లేచింది. "లైట్లు!" లూడెర్స్ కుంటుతూ పరిగెత్తాడు. "పేకముక్కలు దాచండర్రా! వరసలో నిలబడండి! త్వరగా, అవతల ఇంకో మబ్బు వస్తోంది!"

బల్లకి ఇటు ఆల్విన్, అటు హెన్నీ, ఆమె వెనక ఆకలి మొహాలు వేసుకున్న విద్యార్థుల వరస. హెన్నీ తలకి గుడ్డ కట్టుకుంది, భుజాలు దించింది, అంతే, మార్తా ఫోగెల్ అయిపోయింది. కెమెరా తిరిగింది. ఆల్విన్ తలెత్తకుండా కలం పట్టుకుని, "నీ పేరు?" అన్నాడు.

"కట్!" లూడెర్స్ నవ్వాడు. "ఆల్విన్, గుమాస్తా! మన దేశంలో గుమాస్తా చస్తూ కూడా ఎవర్నీ నువ్వు అనడు. మళ్లీ." విద్యార్థులు కిసుక్కున నవ్వారు. పరవాలేదు, ఎవరికైనా జరుగుతుంది. రెండోసారి మీ పేరు అన్నాడు, సరిగ్గానే అన్నాడు, పేజీలు తిరగేశాడు, తలెత్తి ఆమెను చూశాడు, చూడకుండా ఉండవలసింది. "నువ్వు ఈ రిజిస్టరులో లేవు." కట్. మూడోసారి నోరే తెరుచుకోలేదు. అరవై ఒక్క సినిమాల్లో ఎప్పుడూ డైలాగు తప్పని మనిషి, నోల్టె అమ్మగారు నీళ్లు తెచ్చింది, నీళ్లు తాగాడు, మీసం తడిసింది. లూడెర్స్ ఇప్పుడు నవ్వడం లేదు, పైకి చూస్తున్నాడు. ఏమిటిది, రెండక్షరాలు, పోస్టాఫీసులో రోజుకు వందసార్లు అనే రెండక్షరాలు, పిల్లినైనా మీరు అంటాడు తను, నోట్లోంచి రావేం? రావు. హెన్నీని రెండోసారి ఆ మాట అనడం తనవల్ల కాదు, వేషంలో అయినా సరే, తన లాభం కోసం కాకపోయినా సరే. కాళ్లమీద పడమన్నా పడతాడు.

హెన్నీ బల్ల మీదికి వంగింది. ఎవరికీ వినపడనంత మెల్లగా మాట్లాడింది. కోపం లేదు, ఎత్తిపొడుపు లేదు, ఒక నటి తోటి నటుడికి సాయం చేస్తుంది చూడండి, అదే గొంతు.

"ఆల్విన్. మీరు అను. ఆ రోజు ట్రామ్‌లో ఎంత బాగా అన్నావు. అలాగే అను."

"నిశ్శబ్దం!" అన్నాడు లూడెర్స్. కెమెరా తిరిగింది.

"మీ పేరు?" అన్నాడు ఆల్విన్. వచ్చేసింది. దానంతటదే వచ్చింది, వెతుక్కోనక్కర్లేకపోయింది, ఇన్నేళ్లూ తన నోట్లోనే ఉన్నట్టు వచ్చింది, పొడిగా, మర్యాదగా, టోపీ రెండంగుళాలు లేపినట్టు. హెన్నీ పేరు చెప్పింది. ఆల్విన్ పేజీలు తిరగేశాడు, వేలితో వరసలు చూసుకుంటూ కిందిదాకా వెళ్లాడు, తలెత్తాడు. "క్షమించాలి మేడమ్. మీరు ఈ రిజిస్టరులో లేరు." మేడమ్ అన్న మాట సీనులో లేదు. హెన్నీ మొహంలోంచి ఏదో వెళ్లిపోవడం చూశాడు. అది మార్తా ఫోగెల్ మొహం కాదు. అది ట్రామ్ మెట్టు మీద రెండు క్షణాలు చూసిన మొహమే.

"ఎదురుగానే ఉన్నాను కదండీ," అంది.

"కట్! అబ్బ, అబ్బ, అబ్బ!" లూడెర్స్ కుర్చీ తన్నుకుంటూ వచ్చి ఆల్విన్ భుజాలు పట్టుకుని ఊపేశాడు. "ఆ మేడమ్ ఏమిటయ్యా, ఆ మేడమ్! ఒళ్లు జలదరించింది! ఇన్నాళ్లూ ఎక్కడ దాచావు దీన్ని?" వెనక విద్యార్థులు తరగతిలో మంచి పాఠం విన్నప్పుడు చప్పట్లకు బదులు చేసినట్టు పిడికిళ్లతో బల్లలమీద దబదబా కొట్టారు. హెన్నీ తలగుడ్డ విప్పుకుంటోంది, దాని ముడి ఎంతకీ రావడం లేదు, నోల్టె అమ్మగారు సాయం చేస్తోంది. ఇంతలో ఆమెను వానకోటు తొడుక్కోమన్నారు, మూడింటి బండి ఉందన్నారు.

"ఇంకొక్కసారి తీద్దాం," అన్నాడు ఆల్విన్.

లూడెర్స్‌కి అర్థం కాలేదు. ఈ మనిషి ఇంకోసారి అనడం అతను ఎప్పుడూ వినలేదు. "దేనికి?"

"ఇంకొక్కసారి. నేను తప్పు చేశాను."

"ఏం తప్పు? ఎక్కడ?" లూడెర్స్ క్వాస్ట్ వైపు చూశాడు, క్వాస్ట్ బొటనవేలు పైకి చూపించాడు. కెమెరా మనిషి వైపు చూశాడు, అతనూ తలూపాడు. "పిచ్చా నీకు ఆల్విన్? ఒక్క తప్పు కూడా లేదు," అని భుజం తట్టి, తర్వాతి షాట్‌కి లైట్లు మార్చమన్నాడు.